తేదీ చెప్పలేని మాటలు

మా అమ్మ జీవితంలో ఒకే ఒక్కసారి కోర్టు మెట్లెక్కింది. ముద్దాయిగా కాదు, సాక్షిగా. కోనసీమలో మా ఊళ్ళో, మా ఇంటికి ఎదురింటి అక్క పెళ్ళైన మూడో ఏట అత్తగారింట్లో చనిపోయింది. నాకప్పుడు తొమ్మిదేళ్ళు. ఆ ఏడాది అట్లతద్దికి పుట్టింటికొచ్చిన అక్క మా పెరటి అరుగు మీద కూర్చుని, "పిన్నీ, ఈసారి నన్నక్కడికి పంపొద్దని మా అమ్మకి నువ్వైనా చెప్పు. నాకు భయమేస్తోంది" అంది. కార్తీక పున్నమి రాకముందే కబురొచ్చింది.

రెండేళ్ళ తర్వాత కోర్టులో అవతలి ప్లీడరు అమ్మని అడిగిన మొదటి ప్రశ్న, "ఆ మాట ఏ తేదీన అంది?" అని.

"అట్లతద్ది నాడండి."

"పండగ కాదమ్మా, తేదీ చెప్పు."

అమ్మ చెప్పలేకపోయింది. మా ఇళ్ళల్లో ఆడవాళ్ళ కాలం తేదీల్లో నడవదు. ఆషాఢం, శ్రావణ శుక్రవారాలు, అట్లతద్ది, సంక్రాంతి, ఫలానా అమ్మాయి పురుడు, ఫలానా ఏటి వరద - ఇదీ లెక్క. ఆ తర్వాత ప్లీడరు ఇంకో ప్రశ్న వేశాడు. డబ్బు కోసం కొడుతున్నారని అక్క చెప్పినట్టు ఇప్పుడంటున్నావు, పోలీసులకిచ్చిన వాంగ్మూలంలో "ఇబ్బందులున్నాయని చెప్పింది" అని మాత్రమే ఉందే, ఎందుకని? పోలీసాయన ఏం రాసుకున్నాడో అమ్మకి తెలీదు. ఆయన చదివి వినిపించలేదు. ఆ వాంగ్మూలం మీద సాక్షి సంతకం తీసుకోకూడదని చట్టమే చెబుతుంది కాబట్టి సంతకానికైనా ఆ కాగితం అమ్మ చేతికి రాలేదు.

కింది కోర్టు భర్తకు శిక్ష వేసింది. పై కోర్టు అప్పీల్లో కొట్టేసింది. చాలా ఏళ్ళకి, సాహిత్యంలో పీహెచ్.డి. చేస్తున్న రోజుల్లో, ఆ తీర్పు నకలు సంపాదించి చదివాను. అందులో మా అమ్మకి పేరు లేదు, నాలుగో సాక్షి. ఆవిడ చెప్పినదాన్ని "ఇంప్రూవ్‌మెంట్" అన్నారు. అంటే మొదట చెప్పనిది తర్వాత చేర్చి మెరుగుపరిచిందని. "భయమేస్తోంది పిన్నీ" అన్న మాట తర్జుమాలో "సాధారణమైన ఆందోళన వ్యక్తం చేసింది" అన్న అర్థమొచ్చే ఇంగ్లీషు వాక్యమైంది. చివర్లో సహేతుకమైన సందేహం, ముద్దాయికి బెనిఫిట్ ఆఫ్ డౌట్.

"సాధారణమైన ఆందోళన" అన్న ఆ మాట నన్ను వదల్లేదు. ఇది జడ్జిగారి సొంత మాటేనా, ఎక్కణ్ణుంచైనా వచ్చిందా అని వెతుక్కుంటూ వెళ్ళాను. తీరా అది నన్ను మా గోదావరి జిల్లాకే, పిఠాపురానికే తీసుకొచ్చింది.

1937 మార్చి. పిఠాపురం సంస్థానం దివాను దగ్గర నూకరాజు అనే నలభయ్యేళ్ళ మనిషి ప్యూనుగా ఉండేవాడు. దివానుగారి కూతురిని చేసుకున్న పాకాల నారాయణస్వామి బరంపురంలో కాపురం పెట్టి, కొంతకాలం పిఠాపురం తిరిగొచ్చి ఉన్నాడు. డబ్బుకి ఇబ్బంది పడుతున్న రోజులు. 1936లో అతని భార్య తన పుట్టింటి ప్యూను దగ్గరే చిన్న చిన్న మొత్తాలుగా మూడు వేల రూపాయల దాకా, నూటికి 18 వడ్డీకి అప్పు తీసుకుంది. ఆ లావాదేవీలకి సంబంధించి ఆమె సంతకాలున్న ఉత్తరాలు, చీటీలు దాదాపు 50 నూకరాజు ఇంట్లో తర్వాత దొరికాయి. మార్చి 20న నూకరాజుకి ఒక ఉత్తరం వచ్చింది. సంతకం లేదు. అతను దాన్ని భార్యకి చూపించి, బాకీ తీసుకెళ్ళమని నారాయణస్వామి భార్య రాసింది, బరంపురం వెళ్తున్నాను అని చెప్పాడు. 21న రైలెక్కాడు. 23న మధ్యాహ్నం పూరీ స్టేషన్లో మూడో తరగతి పెట్టెలో ఎవరిదో తెలియని ఇనప ట్రంకులో అతని శవం ఏడు ముక్కలుగా దొరికింది.

బరంపురం సెషన్స్ కోర్టు నారాయణస్వామికి మరణశిక్ష వేసింది. పాట్నా హైకోర్టు అప్పీలు కొట్టేసింది. (అప్పట్లో ఒరిస్సాకి అదే హైకోర్టు.) కేసు లండన్‌లో ప్రీవీ కౌన్సిల్ దాకా వెళ్ళింది. అక్కడి ప్రశ్నల్లో ఒకటి మనకు కావలసినది. చనిపోయిన మనిషి బతికుండగా భార్యతో అన్న మాటని ఆమె నోటి ద్వారా కోర్టు వినవచ్చా? మామూలుగా అయితే వినకూడదు. అది విన్నమాట, కళ్ళారా చూసింది కాదు. సాక్ష్యాల చట్టం 32వ సెక్షన్‌లోని మొదటి క్లాజు ఒక మినహాయింపు ఇస్తుంది. మనిషి చనిపోయినప్పుడు, ఆ చావుకి కారణం గురించి గానీ, చావుకి దారితీసిన సంఘటన తాలూకు పరిస్థితుల గురించి గానీ ఆ మనిషి చెప్పిన మాట సాక్ష్యమే అంటుంది. చావు దగ్గరపడిందని తెలిసి చెప్పిన మాటకే ఇది వర్తిస్తుందని, దాడి జరిగాక అన్న మాటకే వర్తిస్తుందని ముద్దాయి తరపు వాదన. ఇంగ్లండులో న్యాయం అలాగే ఉండేది, చావు తప్పదని తెలిసిన మనిషి మాటే అక్కడ మరణ వాంగ్మూలం. 1939 జనవరి 19న లార్డ్ అట్కిన్ ఆ వాదన ఒప్పుకోలేదు. భారతదేశపు చట్టంలో అలాంటి హద్దులు లేవన్నాడు. చావు ఊహలో కూడా లేనప్పుడు, ఇంకా ఏ దాడీ జరగక ముందు, "ఫలానా చోటుకి ఫలానా వాళ్ళని కలవడానికి వెళ్తున్నాను" అన్న మాట కూడా పనికొస్తుందన్నాడు. నారాయణస్వామి అప్పీలు పోయింది.

ఆ మాటని కోర్టుకి మోసుకొచ్చింది పిఠాపురం ఆడది. ఆ తీర్పులో ఆమె నూకరాజు వితంతువు మాత్రమే. ఆమె చెప్పింది ఒక పెళ్ళాం రోజూ వినే మామూలు మాట - "పని మీద ఊరెళ్తున్నాను." దాన్ని సామ్రాజ్యపు అత్యున్నత న్యాయస్థానం నమ్మింది. ఈ దేశంలో చనిపోయిన స్త్రీల మాటలు ఇవాళ కోర్టులో వినిపిస్తున్నాయంటే ఆ తలుపు తీసినవాళ్ళలో ఆమె ఒకరు. న్యాయశాస్త్రం పుస్తకాల్లో ఆ కేసు మాత్రం ముద్దాయి పేరుతోనే ఉంటుంది.

అయితే ఆ తీర్పు తలుపు తీస్తూనే గడప దగ్గర ఒక గీత కూడా గీసింది. ఎవరి మీదనైనా సరే, ఊరికే భయం వేస్తోందనో, అనుమానంగా ఉందనో అన్న మాటలు, చావు జరిగిన సందర్భంతో నేరుగా సంబంధం లేకపోతే పనికిరావు. మా అమ్మ తీర్పులో నాకు కనిపించిన "సాధారణమైన ఆందోళన" మూలం ఇదే.

ఒక్కసారి ఈ రెంటినీ పక్కపక్కన పెట్టి చూడండి. నూకరాజు చావుకి ఒక ప్రయాణం ఉంది. బయల్దేరిన రోజు, ఎక్కిన రైలు, దిగవలసిన ఊరు, కలవవలసిన మనిషి, వసూలు చేయవలసిన బాకీ. అది మగవాడి చావు. ఇల్లు దాటి బయటికెళ్ళి, ఒక పనిలో పడి, చనిపోవడం. దానికి తేదీలుంటాయి. ఎదురింటి అక్క చావుకి అలాంటి ప్రయాణం లేదు. ఆమె ఎక్కడికీ వెళ్ళలేదు. ఎక్కడ ఉండాలని పంపారో అక్కడే ఉంది. ఆమె భయం ఒక సంఘటన కాదు, రోజూ వండుకు తినే అన్నం లాంటిది. "ఫలానా నాడు ఫలానా పని మీద నన్ను చంపడానికి పిలిచారు" అని ఏ కోడలు చెప్పగలదు? ఒక మగవాడి చివరి ప్రయాణాన్ని కొలవడానికి చేసిన కొలబద్దతోనే స్త్రీల చావుల్నీ కొలుస్తూ వచ్చాం.

ఈ సంగతి సుప్రీంకోర్టుకి తట్టకపోలేదు. 1982 జూన్‌లో పుణెలో పెళ్ళైన నాలుగు నెలలకే ఒక అమ్మాయి పొటాషియం సయనైడ్‌తో చనిపోయింది. అక్కచెల్లెలికీ, స్నేహితురాలికీ ఆమె రాసుకున్న ఉత్తరాలున్నాయి. కింది కోర్టు భర్తకి మరణశిక్ష వేసింది, బొంబాయి హైకోర్టు ఖరారు చేసింది. 1984 జూలై 17న సుప్రీంకోర్టు అతన్ని విడుదల చేసింది. శరద్ బిరిధీచంద్ శారదా కేసుగా ఇవాళ్టికీ క్రిమినల్ అప్పీళ్ళలో ఎక్కువగా వినిపించే తీర్పుల్లో అదొకటి. పిఠాపురం సూత్రాన్ని జస్టిస్ ఫజల్ అలీ అందులో విస్తరించారు. చావుకీ మాటకీ మధ్య దూరాన్ని మరీ యాంత్రికంగా కొలవకూడదని, పెళ్ళైన స్త్రీ విషయంలో నెలల తరబడి చెప్పిన మాటలు ఒకే కథగా అల్లుకుని చావు దాకా నడిస్తే అవన్నీ వినాల్సిందేనని, హత్యకే కాదు ఆత్మహత్యకీ ఇది వర్తిస్తుందని అన్నారు. ముగ్గురు జడ్జీలదీ ఒకే మాట కాదు. జస్టిస్ వరదరాజన్ ఆ ఉత్తరాలు సాక్ష్యంగా పనికిరావన్నారు.

ఆ తీర్పే ఐదు షరతులు కూడా పెట్టింది. ప్రత్యక్ష సాక్షి లేనప్పుడు ప్రతి పరిస్థితీ పూర్తిగా రుజువు కావాలి. అవన్నీ ముద్దాయి నేరం వైపే చూపాలి. నిర్ణయాత్మకంగా ఉండాలి. ఇంకే ఊహకీ చోటివ్వకూడదు. గొలుసులో ఒక్క లంకె కూడా ఊడకూడదు. ఈ కేసులో ఊడిన లంకె ఏమిటి? అమ్మాయి ఆత్మహత్య చేసుకుని ఉండొచ్చు కదా అన్నది. ఆ సందేహానికి ఆధారం ఎక్కడ దొరికింది? ఆమె ఉత్తరాల్లోనే. ఆమె నిరాశ, ఆమె ఒంటరితనం, ఆమె సున్నితత్వం. ఆమె మాట కోర్టులోకి వచ్చింది, వచ్చి భర్తని విడిపించింది.

ఇది చదివినప్పుడు మొదట నాకు ఒళ్ళు మండింది. రెండోసారి చదివినప్పుడు, నేను జడ్జినైతే ఏం చేసేదాన్ని అని అడుక్కున్నాను. ఉరితాడు ముందు నిలబడిన మనిషి విషయంలో "ఇదీ కావచ్చు, అదీ కావచ్చు" అన్న చోట, ఉరి తియ్యమని నేనూ రాయలేను. స్త్రీవాదులం కాబట్టి సందేహాన్ని శత్రువుగా చూడాలని నేననుకోను. సందేహమన్నది లేని కోర్టు ముందు బలయ్యేది ఎవరో మనకి తెలుసు - పేదవాళ్ళు, దళితులు, వకీలుని పెట్టుకోలేని ఆడవాళ్ళు. వరకట్న కేసుల్లోనే ఎన్నిసార్లు ఆడపడుచుల్నీ, ముసలి అత్తల్నీ, ఎక్కడో వేరే ఊళ్ళో ఉన్న తోడికోడళ్ళనీ కట్టగట్టి ఇరికించలేదు? 2000లో కన్స్‌రాజ్ కేసులో సుప్రీంకోర్టు ఈ ధోరణిని ప్రస్తావించింది. అది స్త్రీల మీద అభాండమని మనం కొట్టిపారేస్తే మనకి మనమే అబద్ధం చెప్పుకున్నట్టు.

1982లో ఆ అమ్మాయి చనిపోయేనాటికి చట్టం దగ్గర ఉన్నదల్లా హత్య, ఆత్మహత్యకి ప్రేరేపణ. మన రాష్ట్రానికి 1958లోనే సొంతంగా వరకట్న నిషేధ చట్టం ఉండేది, 1961లో దేశానికంతటికీ వచ్చింది. అవి ఇచ్చిపుచ్చుకోవడాల గురించిన చట్టాలు, చావుల గురించి కావు. మహిళా సంఘాల పోరాటం వల్ల 1983లో 498ఎ, 1986లో 304బి వచ్చాయి. 304బి శారదా కేసులోని సందేహానికి సూటిగా జవాబు చెప్పింది. పెళ్ళైన ఏడేళ్ళలోపు స్త్రీ కాలిన గాయాలతోనో మరో అసహజ కారణంతోనో చనిపోతే, అది హత్యా ఆత్మహత్యా అన్న పేచీ అక్కర్లేదు. చావుకి కొంతకాలం ముందు కట్నం కోసం భర్త గానీ అతని బంధువులు గానీ హింసించారని చూపిస్తే వరకట్న మరణంగానే భావించాలి. సాక్ష్యాల చట్టంలో 113బి అదే మాట చెప్పింది. శిక్ష ఏడేళ్ళకి తగ్గదు. 2024 జూలై 1 నుంచి కొత్త చట్టాలొచ్చాయి, సెక్షన్ల నంబర్లు మారాయి (304బి ఇప్పుడు భారతీయ న్యాయ సంహితలో 80, పిఠాపురం వితంతువు సాక్ష్యానికి చోటిచ్చిన 32 ఇప్పుడు సాక్ష్య అధినియమ్‌లో 26). సారం మారలేదు.

ఇక సందేహం పోయిందని అందరూ అనుకున్నారు. నాకర్థమైనంత వరకు పోలేదు, చోటు మారింది. 1984 దాకా సందేహం భర్త చేతి మీద ఉండేది: అతనే చేశాడా? 1986 తర్వాత అది భార్య మాట మీదకి వచ్చింది: ఆమె ఎవరితో చెప్పింది, ఎప్పుడు చెప్పింది, చెప్పింది కట్నం గురించేనా? చట్టం ప్రాసిక్యూషన్‌కి ఇచ్చిన వరమంతా ఆ మూడు జవాబుల మీద ఆధారపడింది. ఆ జవాబులు ఇవ్వాల్సిందేమో మా అమ్మ లాంటివాళ్ళు.

"చావుకి కొంతకాలం ముందు" అంటే ఎంతకాలం? కొన్ని గంటలా, వారాలా, నెలలా? గోదావరి పల్లెల్లో కూతురు పుట్టింటికొచ్చే రోజులు లెక్కపెట్టినట్టుంటాయి. ఆషాఢమో, అట్లతద్దో, సంక్రాంతో, పురిటికో. మిగతా రోజుల్లో ఆమె చెప్పుకోడానికి మనిషుండదు. మనసు విప్పే చివరి రోజుకీ చావు రోజుకీ మధ్య ఎప్పుడూ ఖాళీ ఉంటుంది. ఆ ఖాళీలో కాపురం సర్దుకుని ఉండొచ్చు కదా అని సందేహం దూరుతుంది. 2021లో సత్‌బీర్ సింగ్ కేసులో జస్టిస్ ఎన్.వి. రమణ ధర్మాసనం "కొంతకాలం ముందు" అంటే "వెంటనే ముందు" అని కాదని, హింసకీ చావుకీ మధ్య సజీవమైన లంకె ఉంటే చాలని మరోసారి చెప్పాల్సి వచ్చింది. 304బి వచ్చిన 35 ఏళ్ళకి కూడా!

మూడో ప్రశ్న ఇంకా చిక్కు: అడిగింది కట్నమేనా? మన డెల్టాలో వరి పండే భూమి ఉంది కాబట్టి కూతురికి భూమి రాసివ్వడం ఉంది. దాన్ని పసుపు కుంకుమ అంటాం. ఆడపడుచు లాంఛనం అంటాం, సారె అంటాం, బారసాల కానుక అంటాం, అల్లుడి సంక్రాంతి మర్యాద అంటాం. "కట్నం" అన్న మాట తప్ప అన్నీ అంటాం. 2001లో సత్వీర్ సింగ్ కేసులో, ఆచారంగా పురుళ్ళకీ ఇతర వేడుకలకీ ఇచ్చేవి కట్నం కిందకి రావన్నారు. 2007లో అప్పాసాహెబ్ కేసులో ఇంటి ఖర్చులకీ ఎరువులకీ డబ్బు అడగడం కట్నం కాదన్నారు. 2015లో రాజీందర్ సింగ్ కేసు ఆ తీర్పుని తప్పుపట్టింది. 2022 జనవరిలో జోగేంద్ర కేసులో, ఇల్లు కట్టుకోడానికి అడిగిన డబ్బు కూడా కట్నమేనని తేల్చారు. ఎరువుల డబ్బు నుంచి ఇంటి డబ్బు దాకా రావడానికి పదిహేనేళ్ళు పట్టింది.

మన రాష్ట్రం నుంచే వెళ్ళిన ఒక కేసు నాకెప్పుడూ గుర్తుంటుంది. ప్రేమ ఎస్. రావు కేసుగా 2002 అక్టోబరులో సుప్రీంకోర్టు తీర్పిచ్చింది. 1988లో పెళ్ళి. తండ్రి కూతురికి ఐదెకరాల పొలం, ఇంటి స్థలం పసుపు కుంకుమ కింద ఇచ్చాడు. ఆ పొలం తన పేర రాయమని భర్త పోరు. అతను ఊళ్ళో బ్రాంచి పోస్టుమాస్టరు. భార్య పేర వచ్చిన ఉత్తరాలు ఆమెకివ్వకుండా దాచేసేవాడు. అవి ఆమె కంటబడ్డాయి, తీసి తండ్రికిచ్చింది. ఆ గొడవలోనే 1989 అక్టోబరులో ఆమె విషం తాగింది. పొలం అడగడం పెళ్ళికి సంబంధించిన కట్నంగా రుజువు కాలేదని 304బి నిలవలేదు. సుప్రీంకోర్టు మాత్రం అక్కడ ఆగలేదు. రుజువైన వాస్తవాలని పట్టుకుని, విడిగా అభియోగం లేకపోయినా, ఆత్మహత్యకి ప్రేరేపించిన నేరం కింద ఐదేళ్ళ శిక్ష వేసింది. ఈ ఒక్క కేసులోనే ఎంతుందో చూడండి. ఉత్తరాలు అందించడం ఉద్యోగంగా ఉన్నవాడు భార్యకి ఉత్తరాలు అందకుండా చేశాడు. అలాంటి ఇంట్లోంచి చనిపోయిన స్త్రీల మాటకి తేదీ, సాక్షి, రాతపూర్వక ఆధారం కావాలని మనం అడుగుతాం.

మరణ వాంగ్మూలం ఉన్నా సందేహం వదల్లేదు. అదీ మన రాష్ట్రం కేసే, 1999 నాటి పాపరంబాక రోశమ్మ కేసు. ఒళ్ళు 90 శాతం కాలిన స్త్రీ మేజిస్ట్రేటుకి వాంగ్మూలం ఇచ్చింది. డాక్టరు "వాంగ్మూలం ఇచ్చేటప్పుడు స్పృహలో ఉంది" అని రాశాడు. స్పృహలో ఉండటం వేరు, మనసు సరైన స్థితిలో ఉండటం వేరు, రెండోది రాయలేదు కాబట్టి నమ్మలేమని సుప్రీంకోర్టు శిక్ష కొట్టేసింది. డాక్టరు రాయని ఒక్క మాట! 2002లో లక్ష్మణ్ కేసులో రాజ్యాంగ ధర్మాసనం ఇది సరికాదంది. వాంగ్మూలం తీసుకున్న మనిషి, ఆమె చెప్పగల స్థితిలో ఉందని తృప్తిపడితే చాలు, డాక్టరు సర్టిఫికెట్ ఒక జాగ్రత్త మాత్రమేనంది. పొరపాటు మూడేళ్ళలో దిద్దుకుంది. రోశమ్మ కేసులో కాలిపోయిన స్త్రీ మాట మాత్రం వెనక్కి రాలేదు.

ఇంకో ముడి ఉంది, అది నేరుగా పిఠాపురంతో ముడిపడింది. భర్త చావుకి కారణమన్న అభియోగం వీగిపోయి 498ఎ ఒక్కటే మిగిలితే, చనిపోయిన భార్య మాటలు ఏమౌతాయి? 2001లో ఇందర్‌పాల్ కేసులోనూ, 2002లో గణనాథ్ పట్నాయక్ కేసులోనూ సుప్రీంకోర్టు, ఇక చావు ప్రశ్నే లేదు కాబట్టి ఆమె తల్లిదండ్రులకి చెప్పుకున్నదీ రాసుకున్నదీ సాక్ష్యం కాదంది. అంటే ఆమె చావుకి తగిన రుజువు దొరక్కపోతే ఆమె బతుకులోని హింస గురించి కూడా ఆమె మాట చెల్లదు. బతికుంటే తనే బోనెక్కి చెప్పేది. చచ్చిపోయింది కాబట్టి చెప్పలేదు. చనిపోయినందుకు ఆమెకి పడిన శిక్ష ఇది. ఇరవయ్యేళ్ళు ఈ సూత్రం కింద ఎన్ని అప్పీళ్ళు గెలిచి ఉంటాయో! 2022 మే 13న కేరళ నుంచి వచ్చిన సురేంద్రన్ కేసులో ముగ్గురు జడ్జీల ధర్మాసనం ఆ రెండు తీర్పులనీ పక్కన పెట్టింది. అభియోగం చావు గురించి ఉండాలన్నది కాదు ప్రశ్న, ఆ కేసులో చావుకి కారణమేమిటన్నది చర్చకి వస్తే చాలు, ఆమె మాట వినాల్సిందేనంది. పిఠాపురంలో తీసిన తలుపు మధ్యలో మూసుకుపోయి మళ్ళీ తెరుచుకుంది.

అప్పీలు అంటే ఏమిటో కూడా మర్చిపోకూడదు. పై కోర్టు సాక్షి ముఖం చూడదు. మా అమ్మ గొంతు వణికిందో లేదో, తేదీ అడిగితే దిక్కులెందుకు చూసిందో వాళ్ళకి తెలీదు. వాళ్ళ ముందున్నది కాగితం. కింది కోర్టు విడుదల చేస్తే, రెండు అభిప్రాయాలకి వీలున్న చోట పై కోర్టు సాధారణంగా దాన్ని కదపకూడదని 2007లో చంద్రప్ప కేసు చెబుతుంది. శిక్ష పడితే ప్రతి కాగితాన్నీ మళ్ళీ తిరగేయాలి. ఇది న్యాయమే. నిర్దోషిగా ఉండే హక్కుకి ఇవి రెండు గోడలు. అయితే ఈ కాగితం ఎవరు రాశారు? నేను సాహిత్యం చదువుకున్నదాన్ని. ఒక మాట ఒక నోటి నుంచి ఇంకో చేతికి వెళ్తే ఏమౌతుందో చెప్పడం నా పని. అక్క మాట అమ్మ జ్ఞాపకంలోకి, అమ్మ మాట పోలీసు రాతలోకి, అది కోర్టు ఇంగ్లీషులోకి. మూడు చేతులు మారాక "కొడుతున్నారు పిన్నీ" అన్నది "ఇబ్బందులు" అయింది. ఆ రెంటి మధ్య తేడాని తీర్పు మా అమ్మ ఖాతాలో వేసింది. రాసినవాడి ఖాతాలో వేయలేదు. నాకు ఆ సందేహం మీద అభ్యంతరం లేదు. సందేహం పడాల్సిన చోట కాకుండా వేరేచోట పడిందని అభ్యంతరం.

అందుకే నేను అడిగేది సందేహాన్ని తగ్గించమని కాదు. కూతురు చనిపోయిన రోజే తల్లి మాటని ఆమె మాటల్లోనే రాసుకోమని, చదివి వినిపించమని, ఆడియోలో పట్టుకోమని. కోర్టు పంచాంగం కూడా చూడాలని. అట్లతద్దికి ఆ ఏడాది ఏ తేదీ వచ్చిందో పబ్లిక్ ప్రాసిక్యూటరు కేలెండరు తిప్పి రెండు నిమిషాల్లో చెప్పగలిగేవాడు. ఎవరూ తిప్పలేదు. నేను తిప్పాను. అట్లతద్దికీ ఆమె చనిపోయిన రోజుకీ మధ్య 22 రోజులు. ఏ తీర్పు కొలతతో చూసినా అది "కొంతకాలం ముందే".

ఆ సంగతి అమ్మకి చెప్పాను. ఆవిడ ఏమీ ఆశ్చర్యపోలేదు. చేటలో బియ్యం ఏరుతూ చాలాసేపు ఊరుకుని, "వాడే చంపాడని నేను చూళ్ళేదమ్మా. నన్ను ఆ మాట ఎవరూ అడగనూ లేదు. అది మన అరుగు మీద కూర్చుని ఏడ్చిందన్నది మాత్రం నిజం. ఆ ఒక్క ముక్కా వాళ్ళు రాసుకుని ఉంటే చాలు" అంది.

ఇప్పుడు నేను రాశాను.